నిదానం బండి

జూన్ 9

మూడు వారాల తర్వాత అక్కను ఆసుపత్రి నుంచి ఇంటికి తెచ్చాం. కుడికాలికి తొడ నుంచి మడమ దాకా కట్టు. మా బండి ఇంకా షెడ్డులోనే ఉంది కాబట్టి ఆసుపత్రి వాళ్ళ బండిలో వచ్చాం. మా ఆయన ముందు సీట్లో కూర్చుని దారి పొడుగునా రోడ్డు వంకే చూశారు. ఒక్కసారి కూడా వెనక్కి తిరగలేదు.

ఇంటికి వచ్చాక అక్క మంచం ఎక్కలేదు. చంకల్లో కర్రలు పెట్టుకుని పెరటి గుమ్మం దాకా వెళ్ళింది. పచ్చ వల కింద నారుమళ్ళను ఈ చివర నుంచి ఆ చివర దాకా చూసింది. "టమాటాకు నీళ్ళు ఎక్కువయ్యాయి అమ్మాయ్" అంది. నిజమే. భయంతో రెండు పూటలా పోశాను. ఆకులు పసుపు తిరిగాయి. నన్ను ఏమీ అనలేదు.

అక్క నన్ను ఎప్పుడూ ఏమీ అనదు. ఆయన్ని మాత్రం తిడుతుంది. చెప్పులు అడ్డంగా విప్పితే తిడుతుంది, అన్నం వదిలేస్తే తిడుతుంది, తల తుడుచుకోకపోతే తిడుతుంది. మా అత్తగారు పోయేసరికి ఆయన పలక పట్టే వయసు. అప్పటికి ఈ ఇంటికి కొత్త కోడలు అక్క. మరిదిని తనే పెంచింది. బావగారు పోయాక కూడా నారు అమ్ముకుంటూ ఇల్లు నిలబెట్టి, ఆయనకు జనాన్ని ఎక్కించుకుని తిప్పే బండి కొనిపెట్టింది. తిట్టే హక్కు ఆవిడకు కాక ఇంకెవరికి ఉంటుంది? నన్ను గౌరవంగా చూస్తుంది. తోడికోడళ్ళు ఇలా ఉండడం అరుదని అందరూ అంటారు. నేనూ అదే అనుకుంటాను.

జూన్ 11

జరిగింది ఒకసారి రాసి పెట్టుకుంటే బుర్రలోంచి పోతుందేమో.

వంతెన అవతల తోట రైతుకు వంకాయ నారు ఇవ్వాలి. అక్క నారు ట్రేలతో సహా బండి ఎక్కింది. ఆ ట్రిప్పులో ఇంకెవరూ లేరు. వంతెన దగ్గర మలుపులో కుక్క అడ్డం వచ్చింది. ఆయన పక్కకు తిప్పారు. బండి గోడకు కొట్టుకుంది. ఆయనకు నుదుటి మీద చిన్న గీత పడింది. అక్క మోకాలు సీటుకీ తలుపుకీ మధ్య నలిగిపోయింది.

కుక్క అడ్డం వస్తే ఎవరు మాత్రం ఏం చేస్తారు?

నేను ఆసుపత్రికి చేరేసరికి పోలీసాయన ఆయన్ని గోడ పక్కన నిలబెట్టి ఏదో అడుగుతున్నాడు. ఆయన నోట మాట రావడం లేదు. చక్రాల బల్ల మీద పడుకుని ఉన్న అక్క తల ఎత్తి, "కుక్క అడ్డం వచ్చింది బాబూ, మా వాడి తప్పేం లేదు" అంది. అంత నొప్పిలోనూ గొంతు వణకలేదు. పోలీసాయన అదే రాసుకుని వెళ్ళిపోయాడు.

ఆవిడ గుండె అలాంటిది.

జూన్ 20

పాలావిడ వచ్చి కుక్క ఎంత ఉందని అడిగింది. దూడంత ఉందని ఆయన చెప్పారు. మొన్న బండి షెడ్డు మేస్త్రీకి మామూలు కుక్కే అని చెప్పినట్టు గుర్తు. కంగారులో మనిషికి ఏది ఎంత ఉందో ఎలా తెలుస్తుంది?

జూన్ 28

కట్టు విప్పారు. ఎముక అతికింది. మోకాలు మడత పడటం లేదు. డాక్టరు వంచబోతే అక్క పళ్ళు బిగబట్టింది కానీ అరవలేదు. ఇలా వదిలేస్తే కాలు కర్రలా ఉండిపోతుందట. పెద్దాసుపత్రిలో కీలు మార్చే ఆపరేషన్ చేస్తారు. అది కూడా కండ ఎండిపోకముందే చెయ్యాలి. ఆ ఖర్చు మా చేతిలో ఉన్నది కాదు. బండికి బీమా ఉంది కదా, అందులో ఎక్కిన వాళ్ళకు దెబ్బ తగిలితే కంపెనీ ఇస్తుంది కదా అని డాక్టరే అన్నాడు. మాకు ఆ ఆలోచనే రాలేదు. ఏటా కట్టడమే తెలుసు.

జూలై 3

నారుమడి పని అంటేనే గొంతుక్కూర్చుని చేసే పని. కలుపు ఏరాలన్నా, ఒత్తుగా మొలిచిన మొక్క పలచన చెయ్యాలన్నా మడి పక్కన మోకాళ్ళు ముడుచుకుని కూర్చోవాలి. కాలు వంగని మనిషి ఆ పని ఎలా చేస్తుంది?

ఈ పొద్దున అక్క రెండు మళ్ళ మధ్య చెక్కబల్ల వేయించుకుంది. దాని మీద పక్కకు తిరిగి పడుకుంది. ఒక మోచెయ్యి తల కింద పెట్టుకుని రెండో చేత్తో మిరప మడిలో కలుపు ఏరింది. చెయ్యి అందినంత మేరా అయ్యాక బల్లను జరపమంది. జరిపాను. మధ్యాహ్నానికి మడి మొత్తం అయింది. లేచేటప్పుడు చెంప మీద చెక్క గీతలు పడి ఉన్నాయి.

పాలావిడ చూసి, "ఏమమ్మా, మొక్కలకు కథలు చెప్పి నిద్రపుచ్చుతున్నావా?" అంది. "పాలలో నీళ్ళు కలిపే కథ చెబుతున్నాను, త్వరగా పెరుగుతాయని" అంది అక్క. 

జూలై 12

బండి బాగుచేయించి తెచ్చారు. ఆయన మళ్ళీ రోడ్డెక్కారు. ఊరిలో ఈయన్ని నిదానం అంటారు, బండిని నిదానం బండి అంటారు. పరీక్షకు వెళ్ళే పిల్లలు ఇది ఎక్కరు, పక్క బండి ఎక్కుతారు. పెద్దవాళ్ళు, చూలింతలు ఇదే ఎక్కుతారు. అలాంటి మనిషికి ఇలా జరిగింది.

ఆయన సంతలో తాళ్ళు కొన్నారు. నైలాన్‌వి, పురికొసవి, లావువి, సన్నవి. బండిలో ఎవరు సంచి పెట్టినా కడుతున్నారట. ఒక ముసలాయన గొడుగు కూడా కట్టేశారని పాలావిడ చెప్పి నవ్వింది. ఎందుకండీ అని అడిగితే తాడు చుట్ట చుట్టుకుంటూ బండి దగ్గరికి వెళ్ళిపోయారు.

జూలై 19

బీమా కంపెనీ నుంచి ఒకాయన వచ్చాడు. మర్యాదస్తుడు. చెప్పులు బయట విప్పి లోపలికి వచ్చాడు. ఎలా జరిగిందమ్మా అని అక్కను అడిగాడు. అక్క పోలీసాయనకు చెప్పిన మాటే చెప్పింది. కుక్క అడ్డం వచ్చింది, మా వాడి తప్పేం లేదు. కంపెనీ ఆయన అంతా రాసుకుని చదివి వినిపించి సంతకం పెట్టించుకున్నాడు. "అంటే డ్రైవరు పొరపాటు అసలు లేదన్నమాట" అని మళ్ళీ అడిగాడు. అసలు లేదని నేను కూడా చెప్పాను. చాలా సంతోషంగా వెళ్ళాడు. మాకూ సంతోషమే. ఇంత తేలిగ్గా అవుతుందనుకోలేదు.

జూలై 20

రాయడానికి ఏమీ లేదు. వాన.

ఆగస్టు 8

కంపెనీ ఉత్తరం వచ్చింది. ఇవ్వరట.

ఆగస్టు 11

టౌనులో ప్లీడరు గారి దగ్గరికి ముగ్గురం వెళ్ళాం. ప్లీడరు ఆడమనిషి. మెట్ల కింద గది, బల్ల మీద కట్టలు. అక్క కాలు చాచి కూర్చోడానికి తన కుర్చీ ఇచ్చి తను స్టూలు మీద కూర్చుంది.

ఉత్తరం చదివి, "మీరందరూ కలిసి కంపెనీని గెలిపించారు" అంది.

నాకు అర్థం కాలేదు. ఏటా కడుతున్నాం కదండీ, బండిలో కూర్చున్న మనిషికి దెబ్బ తగిలింది కదండీ, ఇక ఎవరి తప్పయితే వాళ్ళకెందుకు అని అడిగాను. ఆవిడ విసుక్కోకుండా చెప్పింది. నేను అర్థం చేసుకున్నది ఇదీ. బండి నడిపినవాడు తప్పు చేస్తే, దెబ్బ తిన్న మనిషికి ఇవ్వాల్సింది వాడే. వాడి బదులు కంపెనీ ఇస్తుంది. తప్పే లేదంటే వాడు ఇవ్వనక్కర్లేదు, వాడి బదులు ఇచ్చే కంపెనీ కూడా ఇవ్వనక్కర్లేదు. తప్పుతో పనిలేకుండా ఇచ్చేది కొంత ఉంటుంది కానీ అది ఈ ఆపరేషన్‌కు చాలదు.

"కేసు మీ మరిది మీదా కంపెనీ మీదా కలిపి వెయ్యాలి. అతని అజాగ్రత్త వల్లే జరిగిందని మీరు కోర్టులో చెప్పాలి. ఇచ్చేది కంపెనీయే, అతను కాదు" అంది ప్లీడరు.

ఆయన మీద పోలీసు కేసు మళ్ళీ లేస్తుందా, లైసెన్సు పోతుందా అని నేను అడిగాను. పోదనే అనుకుంటున్నాను కానీ మాట ఇవ్వలేనంది. కుక్క ఎటు నుంచి వచ్చిందని ఆయన్ని అడిగింది. ఎడమ నుంచని చెప్పారు. నాతో కుడి నుంచి అన్నారు. మలుపులో ఎడమ కుడి కావడం ఎంత సేపు?

 బయటికి వచ్చాక అక్క, "కేసు వేస్తాను అబ్బాయ్" అంది. ఆయన తల ఊపారు. అంతే, ఇద్దరి మధ్యా అయిపోయింది. నాకు మాత్రం ఇంకా ఏమీ అవలేదు.

ఆగస్టు 25

ఇల్లు ఎంత నిశ్శబ్దంగా ఉందో ఇవాళే గమనించాను. దెబ్బ తగిలినప్పటి నుంచీ అక్క ఆయన్ని ఒక్క మాట అనలేదు. ఇవాళ ఆయన తడి చెప్పులతో వంటింటి దాకా వచ్చారు. నేను అక్క వంక చూశాను. ఆవిడ చూసింది, తల తిప్పుకుని చిక్కుళ్ళు ఒలుచుకుంది. ఆయన కాసేపు అక్కడే నిలబడి, తనే వెళ్ళి విప్పి వచ్చారు.

అక్క మంచితనం అది. బాధలో ఉన్నవాణ్ణి ఇంకా బాధపెట్టకూడదని. ఇల్లు ప్రశాంతంగా ఉంది. మంచిదే.

ఆగస్టు 27

అన్నం సగం వదిలేశారు. అక్క ఏమీ అనలేదు.

సెప్టెంబరు 6

ప్లీడరు గారు కేసు కాగితం పంపింది. నేను చదివి వినిపించాను. "ఒకటో ప్రతివాది బండిని అతివేగంగా, అజాగ్రత్తగా నడుపుతూ" అని ఉంది. అతివేగంగా దగ్గర అక్క ఆపమంది. మళ్ళీ చదవమంది. చదివాను. నవ్వింది. దెబ్బ తగిలాక ఆవిడ నవ్వడం ఇదే మొదలు.

"వీడు అతివేగమా? ఆవిడను ఒకసారి మన బండి ఎక్కమను" అంది. ఆ మాట తను చెప్పనంది. ప్లీడరుకు ఫోన్ చేసి అదే చెప్పించింది. అందరూ అలాగే రాస్తారమ్మా, అది వాడుక అని ఆవిడ. వాడుకైతే వాడుకోండి, నా నోట మాత్రం రాదని అక్క. చివరికి ఆ మాట కొట్టేశారు.

పాలావిడకు ఎలా తెలిసిందో తెలిసింది. "కేసు పెట్టినావిడ, పెట్టించుకున్నాయన ఒకే బండిలో కోర్టుకు వెళ్తారటగా? టిక్కెట్టు ఎవరు కొడతారు?" అంది. నాకు ఒళ్ళు మండింది. అక్క మాత్రం, "నువ్వూ రా, నీకు సగం టిక్కెట్టే" అంది.

సెప్టెంబరు 19

బోనులో ఏం అడుగుతారో, ఏం చెప్పాలో నేర్పడానికి ప్లీడరు గారు రమ్మంది. అక్క రానంది. నేర్చుకున్నది అప్పజెప్పడం నాకు చేతకాదు, అక్కడ అడిగితే అక్కడే చెబుతానంది. ప్లీడరు గారికి కోపం వచ్చింది. కంపెనీ ప్లీడరు గట్టివాడట. "ఆసుపత్రిలో ఒక మాట, కోర్టులో ఒక మాట అని పట్టుకుంటాడు. ఇంట్లో వాళ్ళంతా కూడబలుక్కున్నారంటాడు. ఏం చెబుతారో నాకైనా చెప్పించండి" అని నా మీద పెట్టింది.

అడిగాను. "చూద్దాంలే అమ్మాయ్" అంది అక్క.

ఆవిడకు చెప్పడానికి ఏముంది? కుక్క అడ్డం వచ్చింది కదా.

సెప్టెంబరు 30

ఈరోజు నేను ఒక మాట అన్నాను. రాయాలని లేదు కానీ రాస్తాను.

అక్క బల్ల మీద పడుకుని క్యాబేజీ నారు పలచన చేస్తోంది. పక్కన కూర్చుని, కోర్టుకు వెళ్ళొద్దు అక్కా అన్నాను. ఆపరేషన్ కాకపోతే కాకపోయింది, జీవితాంతం నేను చూసుకుంటాను, మడి పని మొత్తం నేనే చేస్తాను అన్నాను. అంటున్నప్పుడు నా గొంతు నాకే బాగుంది. ఆవిడ మీద ప్రేమతోనే అంటున్నాననుకున్నాను.

అక్క చేతిలో మొక్క మట్టి దులిపి పక్కన పెట్టింది. "నువ్వు చూసుకుంటావు. నాకు తెలుసు" అంది. "రేపు వాడు ఎదురుగా నడుస్తుంటే ఈ కాలు వాడి కళ్ళలో పడుతూనే ఉంటుంది కదా. అది ఎవరు చూసుకుంటారు?" అంది.

నేను నీళ్ళ డబ్బా పట్టుకుని వెళ్ళిపోయాను. ఆయన పేరు పోతుందేమోనన్న భయమే నాది. ఆయన్ని కాపాడేది నేనొక్కదాన్నే అనుకున్నాను.

అక్టోబరు 14

ఈరోజు కోర్టు. అంతా గుర్తున్నప్పుడే రాసి పెట్టుకోవాలి.

మా బండిలోనే వెళ్ళాం. అక్క చేతికర్రను ఆయన సీటు కడ్డీకి తాడుతో కట్టారు. అక్క ఆ ముడి వంకే చూస్తూ కూర్చుంది. 

గది చిన్నది. పైన ఫ్యాను తిరుగుతుంటే కట్టల మీద కాగితాలు లేస్తున్నాయి, వాటి మీద గాజు బిళ్ళలు. జడ్జి గారు పెద్దాయన. అక్క కాలు చూసి బోనులో కుర్చీ వేయించారు. కాలు ముందుకు చాస్తే బోను తలుపు మూతపడలేదు. తెరిచే ఉంచమన్నారు. ఆయన మొదటి బెంచీ మీద, నేను వెనక.

మా ప్లీడరు ముందు అడిగింది. ఎప్పుడు, ఎక్కడ, ఎవరు నడిపారు. నారు ట్రేలు మీవేనా, సామానుతో మామూలు ప్రయాణికురాలిగానే ఎక్కారా. అన్నిటికీ అక్క ముక్తసరిగా చెప్పింది. దెబ్బ ఎందుకు తగిలిందంటే, "బండి గోడకు కొట్టుకుంది కాబట్టి" అంది. మా ప్లీడరు ముఖం వాడిపోయింది. ఇంకోలా అడిగింది. మళ్ళీ అదే. ఇక చేసేదేం లేక కూర్చుంది.

అప్పుడు కంపెనీ ప్లీడరు లేచాడు. గట్టివాడంటే పెద్ద గొంతు అనుకున్నాను. చాలా మెల్లగా, సొంత మనిషిలా అడిగాడు. మరిదిని మీరే పెంచారట కదా అన్నాడు. అవునంది అక్క. బండి కూడా మీరే కొనిచ్చారట కదా. అవును. ఊళ్ళో అతన్ని నిదానం అంటారట కదా.

"అంటారు."

"వేగంగా నడపడం మీరు ఎప్పుడైనా చూశారా?"

"లేదు."

"ఆసుపత్రిలో పోలీసులకు, మా కంపెనీ మనిషికి కూడా కుక్క అడ్డం వచ్చింది, మా వాడి తప్పు లేదని చెప్పారు. ఇప్పుడు డబ్బు కోసం ఇంట్లో అందరూ కూడబలుక్కుని అజాగ్రత్త అంటున్నారు. అంతేనా?"

అక్క చాచిన కాలిని చేత్తో సర్దుకుంది. 

"చెప్పండమ్మా. అంత నిదానస్తుడి దగ్గర అజాగ్రత్త ఎక్కడుంది?"

"అది మీకు చెప్పేది కాదు బాబూ. వాడికి చెప్పాలి" అంది అక్క.

కుర్చీలోనే నడుం తిప్పి బెంచీ వైపు చూసింది.

"ఏరా అబ్బాయ్. ఆ రోజు ట్రేలు ఎక్కించేటప్పుడు నీకేం చెప్పాను? తాడు కట్టమన్నానా, లేదా? వంతెన దాకే కదా వదినా అన్నావు. వంతెన దాకా అయితే బండి కుదపదా? మలుపులో ట్రేలు జారాయి. జారితే జారనీ. నా మీద పడితే పడనీ. మట్టే కదా, దులుపుకుంటాను. నువ్వెందుకు వెనక్కి తిరిగావు? బండి నడిపేవాడివి ముందు చూడాలా, వెనక చూడాలా? ఒక చెయ్యి వెనక్కి పెట్టి ట్రేలు పట్టుకుంటావా? వంకాయ నారు పోతే మళ్ళీ పోసుకుంటాను. మోకాలు పోసుకుంటానా? ఇన్నేళ్ళు చెప్పాను నీకు, ఒక్కనాడు విన్నావా? చెప్పులు అక్కడ విప్పొద్దంటే అక్కడే విప్పుతావు. తల తుడుచుకోమంటే తుడుచుకోవు. తాడు కట్టమంటే కట్టవు. ఇప్పుడు ఊళ్ళో వాళ్ళ గొడుగులు కూడా కడుతున్నావట. ఎవరికి కావాలి ఇప్పుడు?"

 టైపు చేసే ఆమె చేతులు ఆపేసి చూస్తోంది. ఆయన లేచి నిలబడ్డారు. చేతులు కట్టుకుని, బడిలో పిల్లవాడిలా, "అవును వదినా" అన్నారు.

మీరు కూర్చోండి, మీ వంతు వచ్చినప్పుడు చెప్పండని జడ్జి గారు అన్నారు. ఆయన కూర్చోలేదు. జడ్జి గారు మళ్ళీ చెప్పలేదు. అక్కనే అడిగారు, మరి కుక్క సంగతేమిటని.

"కుక్క ఉందయ్యా. రోడ్డు పక్కన పడుకుని ఉంది. దాని మానాన అది ఉంది. పోలీసాయన వీణ్ణి తీసుకుపోతాడేమోనని నేనే దాన్ని రోడ్డు మధ్యకు తెచ్చాను. ఇంటికి వచ్చిన కంపెనీ ఆయనకూ అదే చెప్పాను. ఒకసారి తెచ్చాక మళ్ళీ పక్కకు ఎలా పంపాలో తెలియలేదు. తప్పు నాదే. వీడూ అదే పట్టుకుని కూర్చున్నాడు. పుట్టి బుద్ధెరిగాక నా మాట విన్నది అదొక్కటే."

ఎవరో నవ్వారు. కంపెనీ ప్లీడరు కూడా కాగితాల్లోకి తల వంచుకున్నాడు. ఇంకేమైనా అడుగుతారా అని జడ్జి గారు అడిగితే, లేదండీ అని కూర్చున్నాడు. అప్పుడు జడ్జి గారు టైపు ఆమెతో, "తాడు దగ్గర నుంచి రాసుకోమ్మా" అన్నారు. అక్క మళ్ళీ చెప్పాల్సి వచ్చింది. ఈసారి మెల్లగా, మాట మాటకూ ఆగుతూ, తిట్టు తిట్టూ రాయించింది.

నేను వెనక బెంచీలో కూర్చుని ఆయన వీపు చూస్తున్నాను. ఆ భుజాలు దిగడం చూశాను. ఇన్ని నెలలుగా ఎత్తి పట్టుకుని ఉన్నారని అప్పుడు తెలిసింది. ఆయనకు కావలసింది క్షమించడం కాదు. ఆవిడ నోరు మూసుకోవడాన్ని నేను మంచితనం అనుకున్నాను. ఆయన మాత్రం తాళ్ళు కట్టుకుంటూ ఆ తిట్ల కోసం ఎదురుచూస్తున్నారు.

ఆయన వంతు వచ్చినప్పుడు ఒక్కటే చెప్పారు. వదిన చెప్పిందంతా నిజం.

తిరిగి వచ్చేటప్పుడు బండి ఎప్పటికంటే నిదానంగా వచ్చింది. సైకిళ్ళు దాటిపోయాయి. వంతెన దగ్గర అక్క అడిగింది.

"ఏరా, ఇంతకీ ఏ రంగుదిరా ఆ కుక్క?"

ఆయన రోడ్డు మీద నుంచి చూపు తిప్పలేదు.

"నాకు తెలీదు వదినా. నేను చూడలేదు. నేను నిన్నే చూస్తున్నాను."

"తెల్లది" అంది అక్క. "చెవి నల్లది. ముందు చూసి నడుపు."

అక్టోబరు 15

పొద్దున ఆయన చెప్పులు గుమ్మానికి అడ్డంగా విప్పారు. కావాలనే అనుకుంటాను. అక్క అరుపు పాలావిడ ఇంటి దాకా వినపడిందట.

నవంబరు 22

తీర్పు వచ్చింది. కంపెనీయే ఇవ్వాలి. ఆపరేషన్‌కూ, పని లేకుండా పోయిన నెలలకూ కలిపి. ప్లీడరు గారు ఫోన్‌లో చదివింది. సాక్షి తనకు నష్టం కలిగించే మాట కూడా దాచకుండా చెప్పింది కాబట్టి నమ్మదగినది అని ఉందట. నా ప్రాక్టీసులో ఇలాంటి సాక్ష్యం వినలేదు, నేను నేర్పి ఉంటే కేసు పోయేదని ఆవిడే అంది. కంపెనీ పైకోర్టుకు వెళ్ళడం లేదట.

లైసెన్సు గురించి ఇప్పటిదాకా ఎవరూ పిలవలేదు. పిలిస్తే వెళ్తానని ఆయన అన్నారు. కుక్క మాట మళ్ళీ ఎత్తలేదు. తాళ్ళు మాత్రం మానలేదు. ఊళ్ళో ఇప్పుడు తాళ్ళ బండి అంటున్నారు. చూలింతలు ఇంకా అదే ఎక్కుతున్నారు.

డిసెంబరు 10

ఆపరేషన్ అయింది. కాలు వంచమన్నప్పుడు అక్క డాక్టర్ని కూడా తిట్టిందట.

మార్చి 2

ఈరోజు చెక్కబల్ల తీసి గోడకు ఆనించాం.

అక్క కర్ర పక్కన పెట్టి, ఒక చెయ్యి నేల మీద ఆనించి, మెల్లమెల్లగా మిరప మడి పక్కన గొంతుక్కూర్చుంది. పూర్తిగా కాదు, కుడి మడమ కాస్త లేచే ఉంది. అయినా కూర్చుంది. కలుపు ఏరడం మొదలుపెట్టింది. ఆయన బండి తీయబోతూ ఆగి చూశారు. ముందు చూసి పొమ్మంది. వెళ్ళారు.

నేను పక్క మడికి నీళ్ళు పోస్తున్నాను. కళ్ళు అక్క కాలి మీదే ఉన్నాయి. డబ్బా ఒక్కచోటే వంపేశాను. అక్క తల ఎత్తి చూసింది.

"కళ్ళు నెత్తిన పెట్టుకున్నావుటే? నా కాలేం చూస్తావు, మడి చూడు. పోయినసారి టమాటా కుళ్ళబెట్టినప్పుడే చెప్పాల్సింది నీకు. ఎన్నేళ్ళొచ్చినా నీళ్ళు పొయ్యడం రాదా?"

డబ్బా పట్టుకుని అలాగే నిలబడ్డాను. ఈ ఇంటికి వచ్చాక అక్క నన్ను తిట్టడం ఇదే మొదటిసారి.

"అవునక్కా" అన్నాను.